మెలిక లేని వత్తి

మా మేనత్త పోయింది. తెల్లవారుతుండగా లింగంపల్లి నుంచి ఆమె కొడుకు ఫోన్ చేసి, నిద్రలోనే పోయిందని చెప్పాడు. దినాల నాడు వచ్చినవాళ్లంతా ఆమె వంటను, ఉపవాసాలను తలుచుకున్నారు. ఈరోజు నా కూతురు నాలుగో తరగతి చదువుతోందంటే అది ఆమె వల్లేనని ఎవరూ అనలేదు. వాళ్లకు తెలియదు. పదో తరగతి తర్వాత నేను పెన్ను పట్టింది సంతకాలకే. అయినా ఇది రాయకుండా దేవుడి ముందు స్థిమితంగా కూర్చోలేకపోతున్నాను.

అత్త చేతులు ఊరికే ఉండేవి కావు. సంచిలో దూది, చిన్న డబ్బాలో విభూతి ఎప్పుడూ ఉండేవి. ఎక్కడ కూర్చుంటే అక్కడ, ఎంఎంటీఎస్ రైల్లో కూడా, దూదిలో నలకలు ఏరి, వేళ్లకు విభూతి అద్దుకుని పువ్వొత్తులు చేసేది. కొసన బొటనవేలితో ఒక మెలిక పెట్టేది. "మెలిక లేకుంటే దీపం అంటుకోదు బిడ్డా" అనేది.

పెళ్లయిన చాలా ఏళ్లకు నాకు కడుపు నిలిచింది. అప్పుడు బోరబండలో కిరాయికి ఉండేవాళ్లం. మా ఆయన ఐటీ కంపెనీల స్టాఫ్‌కు క్యాబ్ నడిపేవాడు. హైటెక్ సిటీ దగ్గర ఒక ఆస్పత్రిలో చూపించుకున్నాను. మూడో నెలలో బిడ్డ మెడ వెనక భాగం చూసే స్కానింగు, దాంతోపాటు రక్తపరీక్ష చేశారు. వాటికి తల్లి వయసు కూడా కలిపి, బిడ్డకు పుట్టుకతో లోపం ఉండే అవకాశం ఎంతో లెక్క కడతారట. భయం లేదనే వచ్చింది. ఇంటికి వచ్చి కొబ్బరికాయ కొట్టాను.

చూడడానికి వచ్చిన అత్త ప్రసాదం చేతిలో పట్టుకునే అడిగింది. "వయసు ఎంతని చెప్పినవ్?"

ఆధార్‌లో ఉన్నదే, ముప్పై ఏడు అన్నాను.

"నా పెండ్లి పందిట్ల పాకినవ్ నువ్వు. నీకు నలభై ఒకటి."

మా ఇంట్లో అందరికీ రెండు వయసులే. బడిలో వేసిన రోజు సారు అడిగితే నాన్న నోటికొచ్చిన సంవత్సరం చెప్పాడు. తర్వాత ప్రతి కాగితంలోకీ అదే ఎక్కింది. ఓటుకు, గ్యాసుకు, దేనికీ అది అడ్డం రాలేదు. ఎవరడిగినా ఆ వయసే నోట వచ్చేది.

రిపోర్టు మంచిగా వచ్చాక మళ్లీ కెలకడం ఎందుకని మా ఆయన విసుక్కున్నాడు. నాకూ భయమే. లెక్క మారితే సూది పరీక్ష అంటారు, దాంతో కడుపు పోతే? ఇన్నేళ్లకు కరుణించిన దేవుణ్ణి అనుమానించినట్టు కాదా అన్నాను.

"దేవునికి నీ అసలు వయసు ఎరుకనే," అంది అత్త. "డాక్టరమ్మకే తెల్వది."

మర్నాడు నన్ను రైలెక్కించింది. ఆస్పత్రి నిండా మెడలో కంపెనీ కార్డులు వేసుకున్న చిన్న వయసు అమ్మాయిలు. పక్కన కూర్చున్న పిల్ల నన్ను చూసి, "మీ అమ్మాయిని తీసుకొచ్చారా ఆంటీ?" అంది.

"తెచ్చినం," అంది అత్త. "ఇంకా లోపల్నే ఉన్నది."

ఆ పిల్ల నవ్వింది. నేను తల దించుకుని కొంగు పొట్టమీదికి లాక్కున్నాను. అత్త అది చూసింది.

"గా సిగ్గే నన్ను ముంచింది," అంది మెల్లగా.

నలభై దాటాక ఆమెకూ కడుపు వచ్చిందట. అప్పుడు ఇంట్లో కూతురికి సంబంధాలు చూస్తున్నారు. నలుగురూ నవ్వుతారని పొట్టను కొంగుతో కప్పుకుని తిరిగింది, ఏ దవాఖానకూ పోలేదు. కాళ్లు వాచాయి, తల పగిలేంత నొప్పి వచ్చింది. మామకు తప్ప ఎవరికీ చెప్పలేదు. ఏడో నెలలో ఫిట్స్ వచ్చాయి. బిడ్డ దక్కలేదు. అందరికీ కామెర్లని చెప్పారు. అప్పట్లో నేనూ కామెర్లనే అనుకున్నాను. చెబుతున్నంతసేపూ ఆమె చేతులు దూదిలోనే ఉన్నాయి.

"తెలుసుకునుడు వేరు, తీసేసుడు వేరు బిడ్డా. ఎట్లున్నా సాదుదాం. గని తెల్వకుండ ఉండొద్దు."

నా పేరు పిలిచారు. లేస్తూ ఆమె నా చేతిలో పెట్టిన వత్తికి మెలిక లేదు.

డాక్టరమ్మ కోప్పడలేదు. అసలు వయసుతో లెక్క మళ్లీ కట్టించింది. ఈసారి అనుమానపడాల్సిన వైపే వచ్చింది. ఇది బిడ్డకు లోపం ఉందని చెప్పే పరీక్ష కాదని, ఇంకా లోతుగా చూడాలని మాత్రమే చెబుతుందని వివరించింది. ఖాయంగా తెలియాలంటే సూదితో ఉమ్మనీరు తీయాలి. గర్భం పోయే ప్రమాదం తక్కువే కానీ బొత్తిగా లేదనలేం, చేయించుకోవడం మీ ఇష్టం అంది. ఈ వయసుకు బీపీ, షుగర్ కూడా తరచూ చూపించుకోవాలంది.

నాలుగో నెల నిండాక చేయించుకున్నాను. ఫలితం వచ్చేదాకా పొట్టలో ఏ చిన్న కదలికకైనా ఊపిరి బిగబట్టేదాన్ని. అత్త మా ఒక్క గదిలోనే ఉండిపోయింది. వంట చేసింది, వత్తులు చేసింది, ధైర్యం మాటలు మాత్రం ఒక్కటీ చెప్పలేదు. లోపం ఏమీ లేదని ఆస్పత్రి నుంచి ఫోన్ వచ్చినప్పుడు నేను పటం ముందు కూలబడి ఏడ్చాను.

"బీపీకి ఎప్పుడు రమ్మన్నరు?" అని అడిగిందామె.

ఎనిమిదో నెలలో ఒక మధ్యాహ్నం తలనొప్పి, కళ్ల ముందు మెరుపులు. ఎండకేమో అన్నాను. అత్త నా ముఖం చూసి దూది కింద పడేసి లేచింది. "కారు తియ్యి," అంది మా ఆయనతో. ఆ దారి పొడవునా నా పాదాలు ఆమె ఒళ్లోనే ఉన్నాయి. బీపీ బాగా పెరిగిందని వెంటనే ఆపరేషన్ చేశారు. పిడికెడంత పాపను అద్దాల పెట్టెలో ఉంచారు. బయట అద్దానికి రెండు అరచేతులూ ఆనించి అత్త అలాగే నిలబడిపోయిందని మా ఆయన చెప్పాడు. తన బిడ్డ ముఖం ఆమెకు చూపించారో లేదో నేను ఎన్నడూ అడగలేదు.

ఆనాటి వత్తి నా కుంకుమ భరిణెలో ఉంది. మెలిక లేదు కదా, అంటుకోదేమో. వెలిగించి చూడలేదు.

ఆమె దాచుకున్న సంగతి ఆమె కొడుక్కూ, కూతురికీ తెలియదు. చెప్పే హక్కు నాది కాదు. నా తర్వాత ఈ కాగితాలు మీ చేతికి వస్తే పారేయకండి, ఎవరికీ చూపించకండి. ఆ వత్తి పక్కనే ఉండనివ్వండి.