కిన్‌సకు వదిలిన నీళ్లు

నోమియామ శోజి తీసిన ఒకే ఒక్క పూర్తినిడివి సినిమాకి కెమెరా పట్టింది నేనే. కథ, దర్శకత్వం అతనివి. నటించింది అతని తండ్రి, పేరు కిన్‌సకు.

జపాన్‌లో శోజి వాళ్ల చికుహో ప్రాంతంలో బొగ్గు గనులు మూతపడి అప్పటికే చాలా కాలమైంది. వెనకటికి గనిలో మంటలు లేచినప్పుడు, లోపల మనుషులుండగానే నీళ్లు వదలమని పైవాళ్లు ఆజ్ఞాపించారు. నీళ్లు వదిలే చక్రం తిప్పింది కిన్‌సకు. లోపల ఉండిపోయినవాళ్లలో అతని ప్రాణస్నేహితుడు ఇనతోమి ఒకడు. ముసలాయన ఆ సంగతి కొడుక్కి తప్ప ఎవరికీ చెప్పలేదు. శోజి బతిమాలి, విసిగించి, చివరికి ఆయన్ని కెమెరా ముందు నిలబెట్టాడు. చక్రం తిప్పడం మళ్లీ మళ్లీ చేయించాడు.

"ఇంక చాల్లేరా, చేతులు వణుకుతున్నాయి."

"ఆ వణుకే కావాలి నాన్నా. ఇంకొక్కసారి."

టోక్యోలో ఒక చిన్న హాల్లో వేశాం. పత్రికలు మెచ్చుకున్నాయి, జనం రాలేదు. ఆ తర్వాత ఒక పెద్ద కంపెనీ కథ అడిగింది. ఇంకో సినిమాకి దారి దొరుకుతుందన్న ఆశతో శోజి ఇచ్చేశాడు. వాళ్లు పేరున్న నటుణ్ణి పెట్టుకున్నారు. వాళ్ల సినిమా చివర్లో ఇనతోమి పాత సొరంగంలోంచి బయటపడి స్నేహితుణ్ణి కావలించుకుంటాడు. చూసినవాళ్లంతా ఏడ్చారు, సినిమా బాగా ఆడింది.

ఆ ఊపులో మా సినిమాని సొంతూరు ఈజుకాలో మళ్లీ వేశాం. అయిపోయాక ఒకావిడ శోజి దగ్గరికొచ్చింది. "ఆ సినిమా చూసి తీసినట్టున్నారే! అంత బాగా కుదరలేదు. ముసలాయన మాత్రం పర్లేదు."

శోజి నడుం వంచి కృతజ్ఞతలు చెప్పాడు. అంతవరకు ఓర్చుకున్నాడు.

తండ్రి మాత్రం కంపెనీవాళ్ల సినిమాకి పదేపదే వెళ్తున్నాడని తెలిసింది. ఒకరోజు వాళ్లింట్లో నేనూ ఉండగా, భోజనాల దగ్గర శోజి అడిగేశాడు.

"దాన్నెందుకు అన్నిసార్లు చూస్తావు?"

"అందులో ఇనతోమి బయటికొస్తాడురా."

"అది అబద్ధం నాన్నా! నువ్వు చెప్పింది చెప్పినట్టే తీశాను నేను."

"చెప్పానులే. చెప్పుకున్నదల్లా ఊరికి చూపించాలా? కొడుకువై ఉండి ఒక్కణ్ణి బయటికి తేలేకపోయావు. ఎవరో ఏమిటో, వాళ్లు తెచ్చారు."

శోజి గిన్నె కింద పెట్టేశాడు. నేనూ తినడం ఆపేశాను. ముసలాయన ఒక్కడే ఊరగాయ ముల్లంగి కరకర నములుతూ కూర్చున్నాడు.

ఆ తర్వాత శోజి మళ్లీ సినిమా జోలికి పోలేదు, ఆయన పోయాక కూడా. ఇప్పుడు ఫుకుఓకాలో పెళ్లిళ్లకు వీడియోలు తీస్తున్నాడు. పెళ్లికూతురి తండ్రి కంటతడి పెట్టగానే కెమెరా పక్కకి తిప్పేస్తాడట. దాంతో ఆ పనికీ ఎక్కువమంది పిలవడం లేదని విన్నాను.