నాలుగు కొండదారులు

ఆత్మకూరులో ఆడపిల్లల బడిలో పంతులమ్మగా చేరిన కొత్తలోనే, బడి పక్క గదిలో ఉన్న పఠనమందిరం కూడా నా నెత్తినే పెట్టారు. బడి వదిలాక తాళం తీసి రెండు గంటలు కూర్చోవాలి. రెండు బీరువాలు, ఒక బల్ల, నాలుగు కుర్చీలు. నాకంటే ముందు ఆ గది చూసిన ముసలాయనకు ఒక పద్ధతి ఉండేది. పుస్తకం రాగానే గోధుమరంగు కాగితంతో అట్టవేసి, వీపు మీద నల్ల సిరాతో దాని పేరొక్కటే రాసేవాడు. రిజిస్టరులోనూ అంతే. రాసినవాళ్ళ పేర్లు రాయడం సిరా దండగని ఆయన అభిప్రాయం.

"చదివేవాడు వచ్చి పుస్తకం పేరు అడగతాడు గానీ, రాసినాయన ఇంటిపేరు అడగతాడా టీచరమ్మా?" అంటూ తాళాలు నా చేతిలో పెట్టాడు. నిజమే కదా అనుకుని నేనూ ఆ పద్ధతే పట్టుకున్నాను.

మా నాయన ఉదయగిరిలో మిషన్ బడి పంతులుగా చేసి రిటైరయ్యాడు. ఉద్యోగంలో ఉన్నన్నాళ్ళూ శనివారం వస్తే చాలు, చద్దిమూట కట్టుకుని కోటకొండ ఎక్కేవాడు. ఏ ద్వారం ఏ రాజు కట్టించాడు, ముట్టడి రోజుల్లో పైకి గింజలు ఎలా మోశారు, ఏ దొనలో వేసవికి కూడా నీళ్ళుంటాయి, ఇవన్నీ విచారించి రాసుకునేవాడు. స్వాతంత్ర్యం వచ్చిన మరుసటేడు ఆ కాగితాలన్నీ నెల్లూరు తీసుకుపోయి సొంత ఖర్చుతో అచ్చువేయించి చేతులు కాల్చుకున్నాడు. పుస్తకం పేరు 'కొండదారి'. కొన్నవాళ్ళు లేరు. పంచిపెట్టినవి ఎటుపోయాయో తెలియదు, మిగిలిన కట్టను అటక మీద చెదలు తినేశాయి.

అచ్చయిన రోజుల్లో నేను నెల్లూరులో ట్రైనింగు చదువుతున్నాను. నాకూ ఒకటి తెచ్చి ఇచ్చాడు. నేను దాన్ని పెట్టె అడుగున పడేశాను. తరవాత హాస్టలు మారేటప్పుడు అది ఎటుపోయిందో కూడా చూసుకోలేదు. చదివావా అని ఆయన ఒక్కసారే అడిగాడు. చదివాను, బాగుంది అన్నాను. అబద్ధం. కోటలూ బురుజులూ నాకెందుకని ఒక కారణం. అసలు కారణం వేరే ఉంది. నాకు మూడేళ్ళప్పుడు మా అమ్మ పోయింది. ఆమె మాట ఎత్తితే నాయన లేచి అవతలికి పోయేవాడు. పెళ్ళాం గురించి రెండు మాటలు చెప్పలేని మనిషి రాళ్ళగుట్టకు మాత్రం అంత పుస్తకం రాశాడే అని నాకు కచ్చగా ఉండేది.

యాభైల నడిమిలో, చుట్టుపక్కల ఊళ్ళలో కొత్తగా పఠనమందిరాలు పెడుతున్నారు, ఒకే పుస్తకం ఎక్కువ ప్రతులుంటే వాళ్ళకు పంపించమని పైనుంచి చెప్పారు. రిజిస్టరు తిరగేస్తుంటే 'కొండదారి, 4 ప్రతులు' అని ముసలాయన రాత కనబడింది. నాయన ఆ గదికి తన పుస్తకం ఇచ్చాడని నాకు తెలుసు గానీ ఎన్ని ఇచ్చాడో తెలియదు. నాలుగా అని ఆశ్చర్యపోయాను. బీరువాలో నాలుగూ పక్కపక్కనే ఉన్నాయి. లావు సన్నం తేడా ఉంది. అచ్చాఫీసులో కాగితం మార్చి ఉంటారనుకున్నాను. తెరిచి చూడడానికి అరనిమిషం పట్టేది. ఆ అరనిమిషం నాకు దొరకలేదు!

ఒకటి ఉంచుకుని, మూడింటినీ మర్రిపాడుకు, కొండాపురానికి, అనుమసముద్రంపేటకు తలా ఒకటి పంపాను. ప్రతి కట్టలోనూ చీటీ పెట్టాను: 'కొండదారి' ఎవరైనా కావాలంటే ఇచ్చేయండి, మా దగ్గర ఇంకొకటి ఉంది అని. నాయన పుస్తకం నాలుగు ఊళ్ళలో చదువుతారని గొప్పగా ఉండింది. ఆ నెలాఖరున ఉదయగిరి వెళ్ళినప్పుడు చెబితే, పంచిపెట్టినవి కొన్ని ఆత్మకూరు చేరాయనుకున్నాడేమో, ఆయన ముఖం వెలిగిపోయింది. ఆ వేళ రెండు ముద్దలు ఎక్కువ తిన్నాడు.

మరుసటేడు వానలు వెనకబట్టాక నాయనకు ఆయాసం పట్టుకుంది. మంచం దిగడం లేదని పక్కింటివాళ్ళు కబురు పెట్టారు. వెంటనే ఆయన కార్డు కూడా వచ్చింది. అక్షరాలు వంకర్లు పోయి ఉన్నాయి. "పాపా, మీ కాడ ఉండే పుస్తకం ఒకసారి తీసుకురా. నాకు చూడాలని ఉండాది" అని మాత్రం రాశాడు.

గదికి పోయి పుస్తకం తీసుకుని, పాత అట్ట చిరిగి ఉందని మార్చబోయాను. లోపల ఒక గొర్రెల కాపరి, అతని మరదలు. అది నవల. బడికి సెలవు పెట్టి, మర్రిపాడు పోయే లారీ ఎక్కాను. అక్కడిది పద్యాల పుస్తకం, అసలు పేరు 'కొండదారిన'. కొండాపురంలోది యేసుప్రభువు కొండమీద చేసిన ప్రసంగానికి ఎవరో పాదిరి రాసిన వివరణ, 'కొండదారి వెలుగు' అని. ముసలాయన తోకలు కత్తిరించి అన్నింటినీ ఒకే పుస్తకం చేసిపెట్టాడు. ఆయన్ని తిట్టుకున్నాను గానీ ఆయన తప్పేముంది, మా నాయన పుస్తకాన్ని అట్ట తీయకుండా గుర్తుపట్టలేనిది నేను.

ఇంక మిగిలింది అనుమసముద్రంపేట. దర్గా వీధిలో పూలచాదర్లూ అగరవత్తులూ అమ్మే కొట్టాయన దగ్గర ఉంటాయి అక్కడి పఠనమందిరం పుస్తకాలు. పేరు చెప్పగానే ఆయన సంతోషంగా నవ్వాడు.

"అది ఇచ్చేసినాను టీచరమ్మా. ఎవరో పెద్దాయన, ఒళ్ళు బాగలేక మొక్కుకోను వచ్చి పదిరోజులుండినాడు. ఈ అరుగు మీద కూచోని రోజూ అదే చదవతా ఉండినాడు. ఒకరోజు చదవతా చదవతా కళ్ళు తుడుచుకున్నాడు. పోయేటప్పుడు ఇస్తావా అని అడిగినాడు. మీ చీటీలో ఇంకోటి ఉండాదని రాసినారు గదా, తీసుకో సామీ అన్నాను."

"ఏ ఊరాయన?"

"ఎవురికి తెలుసమ్మా. ఈడికి యాడాడి నుంచో వస్తారు."

నేను ఆ అరుగు మీదే కూలబడ్డాను. ఆయన కంగారుపడి సోడా తెప్పించాడు.

మర్నాడు ఉదయగిరి బస్సెక్కాను. దారి పొడవునా ఏదో ఒక అబద్ధం అల్లుకుంటూనే పోయాను గానీ, దిండ్లకు ఆనుకుని గుమ్మం వైపే చూస్తున్న మనిషిని చూశాక నోరు రాలేదు. జరిగిందంతా చెప్పేశాను. ఆయన కోప్పడలేదు. చాలాసేపు ఊపిరి కూడదీసుకున్నాడు.

"పోతే పోయిందిలే. ఎవురో ఒకరు చదివినారు గదా. నువ్వూ చదివినావు. మీ అమ్మను గురించి రాసినాను చూడు, మూడో ద్వారం కాడ, ఆ నాలుగు పేజీలు. అవి మళ్ళా చదువుకుందామనే తెమ్మన్నాను. నీకు గుర్తున్నకాడికి చెప్పు పాపా, వింటాను."

నాకు తల కొట్టేసినట్టయింది.

"నేను చదవలేదు నాయనా."

"ఏందీ?"

"పుస్తకం చదవలేదు. చదివినానని అబద్ధం చెప్పినాను."

ఆయన నా వైపు చూసిన చూపులో కోపం ఉన్నా బతికిపోయేదాన్ని. "అందుకా నువ్వేమీ అనలేదు" అన్నాడు. "చదివి కూడా అమ్మ మాట ఎత్తలేదే, బాధ పడినట్టుండాది, నేనుగా కదిలించకూడదు అనుకున్నాను ఇన్నేళ్ళూ."

నేను మంచం పట్టె పట్టుకుని ఏడ్చాను. అమ్మ ఎట్టా ఉండేది, ఏం రాసినావు, ఇప్పుడు చెప్పు నాయనా అని అడిగాను. ఆయన చెప్పబోయాడు. కట్టెలకు కొండెక్కేది అన్నాడు. మూడో ద్వారం దగ్గర మోపు దించి కూర్చునేదట, ఆ దారి తనకు మొదట చూపించింది ఆమేనట. అక్కడ ఆగిపోయి, కళ్ళు మూసుకుని వెతుక్కున్నాడు.

"నోటితో చెప్పలేకనే గదా పాపా రాసుకున్నాను. అంతా దాంట్లో పెట్టేసినాను. ఇంగ నా కాడ ఏమీ మిగల్లా."

తొమ్మిది రోజులున్నాడు. రోజూ అడిగాను. కట్టెలమోపు దాటి ముందుకు పోలేకపోయాడు. ఆయన్ని మట్టిచేసి ఆత్మకూరు తిరిగి వచ్చాక, అనుమసముద్రంపేటకు ఎన్నిసార్లు పోయానో లెక్కలేదు. కొట్టాయన పాపం విసుక్కోకుండా ప్రతిసారీ అదే చెప్పేవాడు. మా అమ్మ ఎలాంటిదో తెలిసిన మనిషి ఒకాయన ఏదో ఊళ్ళో ఉన్నాడు. ఆయనకు నేను తెలియదు.