డ్రమ్ము పడేలోపు నిలబెట్టిన సార్

మా ఫిజియోథెరపీ సార్ పోయారన్న కబురు పొద్దున్నే సౌదీలోని నజ్రాన్‌లో పనిలో ఉండగా తెలిసింది. ఫోన్ చేసింది ఒకప్పుడు నాతోపాటు అభాలో ఆయన దగ్గర వైద్యం చేయించుకున్న పాకిస్తానీ లారీ డ్రైవర్. "సార్ నహీ రహే, భాయ్" అన్నాడు. నిద్రలోనే గుండె ఆగిందట. సాయంత్రం నమాజు తర్వాత ఖననం. ఫోర్‌మన్‌కు చెప్పి అభా బస్సెక్కాను.

ఆ బస్సు మెట్లు ఎక్కగలిగానంటే అది ఆయన చలవే.

నాది జగిత్యాల వైపు. అభాలో ఒక బిల్డింగ్ పనిలో ఉండగా పరంజా మీంచి పడి తుంటి విరిగింది. ఆపరేషన్ అయ్యాక కంపెనీవాళ్లు తేల్చి చెప్పారు. డాక్టర్ ముందు మెట్లెక్కి చూపిస్తే పనిలో ఉంచుతారు, లేకపోతే పాస్‌పోర్టు మీద ఖురూజ్ ముద్ర కొట్టి, దేశం దాటించి ఇంటికి పంపేస్తారు. అప్పటికి నాకు మంచం దిగడమే గగనం.

సార్‌ది కడప. మొదటిరోజే నా మంచం పక్కన ఫోన్ పెట్టి పాట మొదలుపెట్టారు. ఇంగ్లీషు పాట. కీబోర్డు సన్నగా మోగుతోంది, డ్రమ్ము దెబ్బ ఇంకా పడలేదు.

"సార్, నాకు ఇంగ్లీష్ రాదు."

"నాకు మాత్రం వచ్చి వింటినా? లెయ్ నాయనా, డ్రమ్ము పడేలోపల నిలబడల్ల!"

అవన్నీ ఎనభైల నాటి ఆటల సినిమాల పాటలు. బాక్సింగో, కరాటేనో, పరుగు పందెమో. హీరో దెబ్బలు తిని, పడి, మళ్లీ లేచి పరిగెత్తుతుంటే వెనక మోగేవి. పేర్లు తెలియకపోయినా మీరూ ఎక్కడో వినే ఉంటారు. సార్ ఇంటర్ చదివే రోజుల్లో, జెద్దాలో పనిచేసే వాళ్లన్న అక్కడి బలద్ బజారు అంగళ్లలో ఆ క్యాసెట్లు కొని కడపకు తెచ్చేవాడట. అప్పట్లో సౌదీలో సినిమా హాళ్లు లేవు. అన్నా ఆ సినిమాలు చూడలేదు, తమ్ముడూ చూడలేదు.

"పాటలు వినే పరిగెత్తినోళ్లం మేము. శానా ఏండ్లకు సినిమాలు చూస్తే, అబ్బే, నేను మనసులో తీసుకున్నెదే బాగుండె" అని నవ్వేవారు.

ఇంత పాతవెందుకు, కొత్త పాటలు లేవా అని ఒకసారి అడిగాను.

"కొత్తవాట్లో హీరో పాట మొదలుకాకముందే గెల్చేసుంటాడు. వీట్లో ఇంగా గెలవలా. మనమూ అంతే గదా?"

మసీదు నుంచి బాంగు వినిపిస్తే పాట ఆపేవారు. నమాజు చేసి వచ్చాక ఆగినచోటు నుంచి కాక మళ్లీ మొదటి నుంచి పెట్టేవారు. మధ్యలో అందుకుంటే ఊపు రాదట. దాంతో మా కసరత్తూ మొదటికి వచ్చేది. డ్రైవర్ తలపట్టుకునేవాడు. మోకాలు పోయినా అతని గొంతు మాత్రం పోలేదు. మాటలు తెలియని పాటలను తనకు తోచిన పష్తో మాటలతో పాడేవాడు. మేమిద్దరం వాకర్లతో వరండాలో పందెం పెట్టుకుంటే, సార్ ఉర్దూలో రేడియో కామెంటరీ చెప్పేవారు.

పరీక్షరోజు వచ్చింది. మెట్ల కింద డాక్టర్, కంపెనీ మనిషి. పాటలు వద్దన్నారు. సగం మెట్లు ఎక్కేసరికి తుంటిలో మంట లేచింది. రైలింగ్ పట్టుకుని ఆగిపోయాను.

"సార్, నాతోని గాదు."

పైన నిలబడ్డ సార్ అరచేత్తో రైలింగ్ మీద దరువు మొదలుపెట్టారు. ఆ ఇనుము నా చేతికింద అదరడం తెలుస్తోంది. అంతలో వెనక బెంచీ మీద నుంచి డ్రైవర్ పష్తోలో ఎత్తుకున్నాడు. కట్లు కట్టుకున్నవాళ్లు, చక్రాల కుర్చీల్లో ఉన్నవాళ్లు చప్పట్లు అందుకున్నారు. ఆ గోలలో నేను కాలెత్తాను. ఇంకో మెట్టు. ఇంకోటి. పైకి చేరగానే సార్ బాక్సింగ్ రిఫరీలా నా చెయ్యి పట్టి పైకెత్తారు. వార్డంతా ఈలలు. డాక్టర్ కూడా నవ్వుతూ సంతకం చేశారు.

"గెల్చినావు లే. ఇంగ దిగి చూపీ" అన్నారు సార్.

అభా చేరేసరికి నమాజు అయిపోయింది. ముస్లింను కాను కాబట్టి నేను శ్మశానం గోడ బయటే నిలబడ్డాను. కింది రోడ్డు నుంచి గేటు దాకా ఎత్తు. జనాజాను భుజాల మీద మోస్తూ ఆ ఎత్తు ఎక్కుతున్నారు. ముందు వరసలో డ్రైవర్. అతని వెనక వార్డులో నేను చూసిన ముఖాలు, ఎరగని ముఖాలు ఎన్నో. కొందరు కుంటుతున్నారు. ఒకాయన కర్రను చంకలో ఇరికించుకుని రెండు చేతులతో జనాజా పట్టుకున్నాడు. ఎవరూ ఆగలేదు. ఒకరి భుజం నుంచి ఇంకొకరి భుజానికి మారుతూ, ఆయన పైకి వెళ్లిపోయారు.