కత్తిరింపు బల్ల

వీధిలోంచి ఏనుగు అలా నడిచిపోతే చాలు, దర్జీ అమ్మమ్మ కంటి కొలతతోనే దానికి లాగు కుట్టేస్తుందని మనవరాలు అందరికీ గొప్పలు చెబుతుంటుంది. మెడలో టేపు లేకుండా ఆవిడను చూసినవాళ్లు లేరు. ఎదుటివాళ్ల చొక్కాకు గుండీ వేలాడుతుంటే మాట మధ్యలోనే సూది తీస్తుంది. అంతటి మనిషి దుకాణం అప్పు కింద పోయింది. జడ్జిగారి ముందు రాజీ కుదిరింది. దుకాణం అప్పిచ్చినాయనకు, అందులో ఆవిడ జాబితా రాసిచ్చిన సామాను ఆవిడకు. కుట్టుమిషన్ల నుంచి దారపు కండెల దాకా అన్నీ రాసింది కానీ, గోడకు బిగించిన కత్తిరింపు బల్లను రాయలేదు. అది చనిపోయిన భర్త తన చేతులతో చేసిన బల్ల. ముప్ఫై ఏళ్లు దాని మీద మోచేతులు ఆన్చీ ఆన్చీ, అదీ ఒక సామానేనన్న సంగతి మరిచిపోయింది.

జాబితాలో లేని బల్ల దుకాణంతోపాటే పోయేసరికి, రాజీ రద్దు చేయమని మళ్లీ కోర్టుకెక్కింది. "చదవకుండా సంతకం పెట్టానని చెప్పండమ్మా, మిగతాది నేను చూసుకుంటా" అని వకీలు చెవిలో ఊదాడు.

"కాగితం చదివారా?" అని జడ్జిగారు అడిగారు.

ఆవిడ టేపు కొసను వేలికి చుట్టుకుంటూ, "మూడుసార్లు చదివానండీ" అంది. వకీలు నెత్తి పట్టుకున్నాడు. ఐదు నిమిషాల్లో అర్జీ కొట్టేశారు.

మెట్లు దిగుతుంటే మనవరాలికి ఉక్రోషం ఆగలేదు. "ఒక్క అబద్ధం ఆడితే నీ సొమ్మేం పోయేది అమ్మమ్మా?"

ఆవిడ కళ్లు తుడుచుకుని కసిరింది. "మూడుసార్లు చదివి కూడా మీ తాత బల్లను మరిచింది నేనే కదే. ఆ తప్పును ఏ కోర్టు కొట్టేస్తుంది? నోరు మూసుకుని నడు."