కెప్టెన్ గారి తాలూకు

ఈ కివీల దేశంలో, మా టౌరంగా ఊళ్ళో డాక్టర్ రాజేశ్వరమ్మ గారిని ఎరగని తెలుగువాళ్ళు లేరు. జలుబు చేసినా, నడుం పట్టేసినా ఆవిడ క్లినిక్కే మాకు దిక్కు. మందు రాసేలోపు నాలుగు చివాట్లు పెడుతుంది. చివాట్లకు వేరే ఫీజు లేదు కాబట్టి పడతాం.

ఆవిడ భర్త లక్ష్మణరావు అంకుల్ నోట్లో నాలుక లేని మనిషి. విశాఖలో బ్యాంకు ఉద్యోగం, ఇక్కడికొచ్చాక స్కూల్లో లెక్కల టీచరు, ఇప్పుడు రిటైరయ్యారు. ఎవరేమన్నా ఆయన నోటివెంట వచ్చే మాట ఒకటే, థాంక్యూ. ఒకసారి సూపర్‌మార్కెట్ దగ్గర ఎవడో వెనకనుంచి ఆయన కారుని గుద్దేసి దిగొస్తే వాడికీ థాంక్యూ చెప్పారు. నేను పక్క సీట్లోనే ఉన్నాను. రెండు వేల పదిహేనులో జరిగిన గొడవంతా ఆ థాంక్యూ వల్లే వచ్చింది.

అప్పుడు నేను స్టూడెంట్‌గా వచ్చిన కొత్త, వాళ్ళింటి వెనక గదిలో అద్దెకుండేదాన్ని. ఇప్పుడు కివీపండ్ల ప్యాక్‌హౌస్‌లో సూపర్‌వైజర్ని. ఆంటీ కూడా ఈ దేశం వచ్చిన కొత్తలో అలాంటి ప్యాక్‌హౌస్‌లోనే నిలబడి పండ్లు ఏరింది. మన ఎం.బి.బి.ఎస్. ఇక్కడ చెల్లదన్నారు, మళ్ళీ పరీక్షలు రాయమన్నారు. రెండుసార్లు తప్పింది. పగలు పండ్లు ఏరుతూ, రాత్రి చదువుతూ మూడోసారి పాసైంది. పట్టిన పట్టు విడవని మనిషి. ఆ పట్టు అంతకుముందు ఎక్కడ పట్టిందో మావాళ్ళలో చాలామందికి తెలియదు. ఆర్మీలో డాక్టరుగా చేసిందట అని మాత్రం తెలుసు. ఆర్మీ అంటే ఏ పూనాలోనో క్వార్టర్సు, తోటమాలి అనుకునేవాళ్ళు.

ఆవిడ వెళ్ళింది యుద్ధానికి. ఎనభై ఏడులో మన సైన్యాన్ని శాంతి కాపాడమని శ్రీలంక పంపారు. అక్కడికి వెళ్ళాక అది శాంతి కాదు, యుద్ధమైంది. కెప్టెన్ రాజేశ్వరికి అప్పుడు ఇరవై ఎనిమిదేళ్ళు. రెండేళ్ళ కూతుర్ని భర్తకి అప్పగించి మద్రాసులో సైనిక విమానం ఎక్కబోయింది. యూనిఫాం ట్రంకుపెట్టెతో పాటు ముందే వెళ్ళిపోవడంతో మామూలు నూలు చీరలో ఉంది. గేటు దగ్గరున్న సుబేదారు తెలుగువాడే. ఎంతో మర్యాదగా, "అమ్మా, మీరు ఏ ఆఫీసరు గారి తాలూకండీ? ఇందులో ఫ్యామిలీలకు చోటు లేదు" అన్నాడట.

"నేను ఎవరి తాలూకూ కాదు. నేనే ఆఫీసర్ని," అందట ఈవిడ.

మనవాళ్ళకి ఆడమనిషి కనబడగానే మొదట తోచే మాట అది. పెళ్ళిలో గాని, ఆస్పత్రిలో గాని, ఎవరి తాలూకు అని తేలితేనే కూర్చోవడానికి కుర్చీ వేస్తారు.

జాఫ్నా దగ్గర ఫీల్డ్ హాస్పిటల్లో ఆవిడ కంటే ముందు లేడీ డాక్టరు ఎవరూ పనిచేయలేదు. అక్కడి పెద్దాయన ఆవిణ్ణి చూసి తల పట్టుకుని, ఆడవాళ్ళకి వేరే టెంట్ లేదు, రేపటి విమానంలో వెనక్కి పొమ్మన్నాడు. టెంట్ వచ్చేదాకా ఆపరేషన్ థియేటర్లో పడుకుంటానంది. నిజంగానే పడుకుంది. మర్నాటికల్లా మందుపాతర పేలి గాయపడ్డవాళ్ళు దిగారు, వెనక్కి పంపే మాట మళ్ళీ ఎవరూ ఎత్తలేదు. జవాన్లు మొదట్లో సిస్టర్ అని పిలిచేవారు. డాక్టర్ సాబ్ అనేదాకా పలికేది కాదు. వరంగల్ వైపు కుర్రవాడు మొగిలయ్య దగ్గర మాత్రం ఆ పంతం నిలవలేదు. మత్తు దిగుతుంటే వాడు చెయ్యి పట్టుకుని, అక్కా, నా కాలున్నదా అని అడిగాడు. లేదు తమ్ముడూ, నువ్వున్నావు, అని చెప్పింది. ఈ సంగతి నాకు చెప్పేటప్పుడు ఆంటీ కూర తరగడం ఆపేసింది.

ఏడాదిన్నర తర్వాత తిరిగొస్తే స్టేషన్లో దండలు లేవు, బ్యాండు లేదు. గెలిచారా ఓడారా అని అడిగినవాళ్ళే గాని ఎలా ఉన్నావని అడిగినవాళ్ళు లేరు. కూతురు తల్లిని పోల్చుకోలేక నాన్న కాళ్ళ చాటుకి పోయింది. ఆ ఏడాదిన్నరా అంకుల్ పిల్లకి జడలు వేసి, అన్నం కలిపి పెట్టి బ్యాంకుకి పరిగెత్తేవారట. జడగంటలు మరిచిపోయావేం రావూ అని అక్కడివాళ్ళు వేళాకోళం చేసేవారట. వాళ్ళకీ థాంక్యూ చెప్పే ఉంటారు.

ఇక గొడవ సంగతి. ఆ జనవరిలో, అంటే ఇక్కడ నడివేసవిలో, మా తెలుగు సంఘం రిపబ్లిక్ డే చేసింది. ప్రెసిడెంట్ శ్రీనివాసమూర్తి గారు ఇళ్ళు అమ్మిపెట్టే ఏజెంటు, సభ అంటే పండగ ఆయనకి. ఈసారి మెడల్స్ పెట్టుకుని రండమ్మా అని ఆంటీని బతిమాలారు. రెండు మెడల్స్, ఒకదానికి శ్రీలంక అని చిన్న పట్టీ. ఆంటీ పట్టుచీరలో వచ్చింది. మెడల్స్ ఎడమవైపు గుచ్చబోతుంటే మూర్తి గారి భార్య వెంకటలక్ష్మి గారు అడ్డుపడింది. పైట ఎడమ భుజం మీదే కదండీ, జరీ చిరుగుతుంది, కుడిపక్కన జాకెట్టుకి పెడితే బాగా కనిపిస్తాయి, శుభం కూడాను, అంటూ తనే లాక్కుని కుడిపక్కన గుచ్చేసింది. ఆంటీ మళ్ళీ తీయబోయేలోపు హాల్లో ఎవరో పెద్దావిడ ఎండకి కళ్ళు తిరిగి పడిపోయిందని కేక వినబడింది. ఉన్నపళంగా అటు పరిగెత్తింది.

ఈ దేశంలో మెడల్స్‌కి ఒక పద్ధతుంది. ఎవరి మెడల్స్ వాళ్ళు పెట్టుకుంటే ఎడమవైపు, గుండె మీద. తండ్రివో, తాతవో, భర్తవో అయితే కుడివైపు. పసిపిల్లలకి కూడా తెలుసు. మాకే తెలియదు. ఆరోజు అతిథిగా వచ్చిన విరేము గారు మాజీ సైనికుల క్లబ్బు పెద్ద, వియత్నాంలో పోరాడిన మావోరీ, అంటే ఈ దేశపు మూలవాసి. కుడిపక్కన మెడల్స్‌తో పరిగెత్తుతున్న ఆంటీని చూశారు, పక్కనే సూటు వేసుకుని నిలబడ్డ అంకుల్ని చూశారు. రెండూ రెండూ కలిపి నాలుగనుకుని, అంకుల్ని స్టేజి మీదికి పిలిచి చెయ్యి పట్టుకుని, మీ సేవకు కృతజ్ఞతలు అన్నారు.

అంకుల్ ఏమన్నారో చెప్పక్కర్లేదు కదా.

వారం తిరక్కుండా లోకల్ పేపర్లో, ఆంటీ తిరిగొచ్చి అంకుల్ పక్కన నిలబడగానే తీసిన ఫోటో వచ్చింది. కింద, భారత సైన్యం మాజీ అధికారి లక్ష్మణరావు, ఆయన భార్య, అని. భార్యకి పేరు కూడా లేదు. సొమ్మొకడిది, సోకొకడిది. ఆంటీ ఆ పేపర్ని మడిచి దానిమీద ములక్కాడలు తరిగింది. అంకుల్‌తో ఒక్క మాట అనలేదు. అనుంటే బాగుండేది.

మార్చిలో నన్ను వెంటబెట్టుకుని లైబ్రరీకి వెళ్ళింది. మొదటి ప్రపంచయుద్ధానికి నూరేళ్ళయిందని ఫోటోలు పెట్టారు. ఒక మూల, అప్పట్లో యుద్ధానికి వెళ్తామంటే సైన్యం వద్దన్న ఈ దేశపు లేడీ డాక్టర్ల గురించి రాశారు. వద్దంటే ఊరుకోలేదు వాళ్ళు. వేరే ఆడవాళ్ళ ఆస్పత్రి దళంలో చేరి సెర్బియా దాకా పోయారు. బురదలో టెంట్లు, బరువైన బూట్లు, నవ్వని మొహాలు. ఆంటీ అక్కడే చాలాసేపు నిలబడిపోయింది. టెంట్ దొరికింది వీళ్ళకి, అని గొణుక్కుంది. తర్వాత ఫోటో కింద అక్షరాలు చూపించి, "వీళ్ళ మొగుళ్ళెవరో రాయలేదు చూశావా" అంది. ఇంటికొచ్చే దారిలో చెప్పింది, ఏప్రిల్ ఇరవై అయిదున ఆన్జాక్ డే పరేడ్‌లో నడుస్తానని, మెడల్స్ ఎడమవైపు పెట్టుకుంటానని.

ఆన్జాక్ డే అంటే ఇక్కడ యుద్ధాల్లో పోయినవాళ్ళని తలుచుకునే రోజు. తెల్లారకముందే ఊరంతా స్మారకం దగ్గర చేరుతుంది. ఆ యేడు మా సంఘాన్ని కూడా పిలిచారు. పిలిచింది ఎవర్ని చూసి? మా లక్ష్మణరావు అనే మాజీ అధికారిని చూసి. మూర్తి గారికి చెమటలు పట్టాయి. ముందురోజు సాయంత్రం ఆంటీ ఇంటికొచ్చారు. నేను హాల్లో చీర ఇస్త్రీ చేస్తున్నాను. పేపర్లో పడిపోయింది, క్లబ్బువాళ్ళకి అదే తెలుసు, ఇప్పుడు కాదంటే మనం అబద్ధాలకోరులమని అనుకుంటారు, అని మొదలుపెట్టి అసలు సంగతికొచ్చారు. "గోటితో పోయేదానికి గొడ్డలెందుకమ్మా? రావు గారు పెట్టుకుని నడుస్తారు, మీరు పక్కనే ఉంటారు. మొగుడూ పెళ్ళాలన్నాక ఎవరివైతే ఏమిటి?"

ఇస్త్రీపెట్టె నా చేతిలోనే ఉంది. ఎలా నిగ్రహించుకున్నానో ఆ దేవుడికే తెలియాలి.

అంకుల్ ఔననలేదు, కాదనలేదు. సరేలెండి, చూద్దాం, అన్నారు. మూర్తి గారు దాన్ని ఔననే అనుకుని సంతోషంగా వెళ్ళిపోయారు. ఆంటీ మెడల్స్ పెట్టె తెచ్చి భోజనాల బల్ల మీద, ఆయన ముందు పెట్టింది. కోపం లేదు గొంతులో, దానికే నాకు భయం వేసింది. "విమానం గేటు దగ్గర ఎవరి తాలూకని అడిగారు, అక్కడ టెంట్ లేదని పొమ్మన్నారు, ఇక్కడా అదే అడుగుతున్నారు. నేను ఎవరికైనా చెప్పుకోగలను. మీరే, ఈ మెడల్స్ నావి కావు అని అనకపోతే మాత్రం నేనెంత చెప్పినా ఒకటే. ఇవి మీరు పెట్టుకుంటే నేను ఇంట్లో ఉంటాను," అని లోపలికి వెళ్ళిపోయింది. అంకుల్ పెట్టె తెరిచి, ఆ చిన్న పట్టీని వేలితో నిమిరి, మూసేశారు. ఆయన ఏమనుకున్నారో నాకు అంతుబట్టలేదు.

తెల్లవారుజామున చలి. ఆంటీ బూడిదరంగు చీర, దానిమీద నల్ల బ్లేజరు. మెడల్స్ పెట్టె మాత్రం అంకుల్ కోటు జేబులో ఉంది. జనం చేరేచోట మాజీ సైనికులు ముందు వరసల్లో, వాళ్ళ కుటుంబాలు వెనక వరసల్లో నిలబడుతున్నారు. మూర్తి గారు సంఘం బ్యానరు పట్టుకుని ఎదురొచ్చి, అంకుల్ కోటు ఖాళీగా ఉండడం చూసి, ఇంకా పెట్టుకోలేదేమండీ అన్నారు. అంతలో విరేము గారే వచ్చారు. అంకుల్ని గుర్తుపట్టి చెయ్యి చాచి, జనవరిలో అన్న మాటే మళ్ళీ అన్నారు, మీ సేవకు కృతజ్ఞతలు.

అంకుల్ నోరు తెరిచారు. ఆంటీ తల పక్కకి తిప్పుకుంది. నేను కళ్ళు మూసుకున్నాను.

"క్షమించండి. అవి నావి కావు," అన్నారు అంకుల్ ఇంగ్లీషులో, క్లాసులో లెక్క చెప్పినట్టు నెమ్మదిగా. "యుద్ధానికి వెళ్ళింది ఈవిడ. కెప్టెన్, డాక్టరు. ఏడాదిన్నర శ్రీలంకలో ఉంది. నేను బ్యాంకులో ఉన్నాను, మా పిల్లని చూసుకున్నాను. ఆరోజు మీకు చెప్పవలసింది, చెప్పలేదు." ఇంత పొడుగు మాట ఆయన నోట నేను వినడం అదే మొదలు. ఆ తర్వాత జేబులోంచి పెట్టె తీసి ఆంటీ చేతికిచ్చారు. చలికి ఆవిడ వేళ్ళు వంగడం లేదు. మళ్ళీ ఆయనే తీసుకుని, బ్లేజరు ఎడమవైపు, గుండె మీద, గుచ్చారు. ఒకప్పుడు పిల్లకి జడలు వేసిన చేతులు కదా, వంకర లేకుండా గుచ్చారు.

విరేము గారు మెడల్స్ వైపు చూసి, ఆరోజు కుడిపక్కన చూసి పొరబడ్డానని మన్నించమన్నారు. మేం వియత్నాం నుంచి తిరిగొచ్చినప్పుడు ఎవరూ ఎదురు రాలేదు డాక్టర్, అని మాత్రం అన్నారు. తన పక్కన చోటు చూపించారు, ముందు వరసలో. ఆంటీ వెళ్ళి నిలబడింది. నడుం పట్టేసిందని మాకు మందులు రాసే మనిషి, అలా నిటారుగా నిలబడడం చూస్తే నాకు ఏడుపొచ్చింది. గర్వంతోనే వచ్చింది, దాచుకోవలసిన పనేం లేదు.

బూరా ఊదారు. వరసలు కదలబోతున్నాయి. నేనూ అంకులూ కుటుంబాల వరసలో, ఎక్కడో వెనక, తాతల మెడల్స్ కుడివైపు పెట్టుకున్న పిల్లల మధ్య నిలబడ్డాం. మూర్తి గారు బ్యానరు కర్ర పట్టుకుని మా పక్కకి వచ్చి, చిన్నబోయిన మొహంతో గుసగుసగా అడిగారు, రావు గారూ, మీరిక్కడ వెనకెందుకు నిలబడ్డారండీ అని.

"నేను కెప్టెన్ గారి తాలూకండీ," అన్నారు అంకుల్. అని, ముందువాళ్ళతో అడుగు కలిపారు.