మావయ్య ఓడిపోయిన ఉత్తరం

మా చిన్న మావయ్య మలేసియాలో ఒక రాష్ట్రానికి శాసనసభ్యుడు. ఈ మాట ఎవరితో అన్నా ముందు కాస్త గౌరవంగా చూస్తారు, ఆ తర్వాత "మరి మీరేం చేస్తున్నారు రంగూన్‌లో?" అని అడుగుతారు. మేమేం చేస్తున్నామో మాకే సరిగ్గా తెలియని రోజులవి. పజుండౌంగ్‌ పేటలో మా నాన్నకున్న బియ్యం కొట్టు సైన్యం గద్దెనెక్కాక ఒక ఉదయానికల్లా సర్కారు కొట్టయిపోయింది. అదే కొట్లో అవే బియ్యం తూచే పనికి నాన్న జీతానికి కుదిరాడు. చుట్టాల్లో సగంమంది ఓడెక్కి విశాఖపట్నం వెళ్ళిపోయారు. అమ్మ మాత్రం కదలనంది. ఈ ఊరి మీద మమకారమని అందరూ అనుకున్నారు. అసలు సంగతి వేరు. తమ్ముడి ఉత్తరాలు ఈ ఇంటికి వస్తాయి, ఇల్లు మారితే అవి దారి తప్పిపోతాయని ఆమె భయం.

ఆ తమ్ముణ్ణి అమ్మే పెంచింది. తల్లి పోయిన పిల్లవాడు. యుద్ధం అయిపోయాక, మలయా కొబ్బరితోటల్లో బతుకుతున్న అమ్మమ్మ అక్కగారు పిల్లలు లేక అతన్ని పెంచుకుంటానని తీసుకుపోయింది. అప్పటికి అతనికి పన్నెండేళ్ళు, అమ్మకి పదహారు. ఓడ బయల్దేరడానికి మూడు నెలల టైముందని తెలిసిన రోజునుంచి అమ్మ అతన్ని కూర్చోబెట్టి తెలుగు అక్షరాలు దిద్దించింది. ఉత్తరం రాయడం వస్తే చాలు, తమ్ముడు ఎక్కడున్నా ఉన్నట్టేనని ఆమె లెక్క. అందుకే మావయ్య రాత అచ్చం అమ్మ రాతలాగే ఉండేది.

ఉత్తరం వచ్చిన రోజు మా ఇంట్లో పండగే. కవరు అప్పటికే ఎవరో విప్పి, జిగురు పూసి మళ్ళీ అంటించి ఉండేది. "మనకంటే ముందు సదివినోల్లకి ఒక దండం" అని నాన్న దానికి చేతులు జోడించేవాడు. అమ్మకి చదవడం వచ్చినా, కళ్ళు మసకలంటూ నాచేత చదివించుకునేది. కళ్ళకేమీ కాలేదు. తనే చదివితే ఏడవడం కుదరదు కాబట్టి, చదివే పని నాకు అప్పజెప్పి తను తీరిగ్గా ఏడ్చేది. ఇప్పటికీ ఆ గచ్చు నేల చల్లదనం, కవరులోంచి వచ్చే ఆ కొత్త కాగితం వాసన తలుచుకుంటే నేను మళ్ళీ పన్నెండేళ్ళ పిల్లనైపోతాను.

మావయ్య తోట బడిలో మేష్టారయ్యాడు. తోటపనివాళ్ళ సంఘానికి కార్యదర్శి అయ్యాడు. ఒకసారి, ఎన్నికల్లో నిలబడుతున్నానంటూ తన బొమ్మ అచ్చేసిన పోస్టరు ఒకటి మడిచి పంపాడు. అందులో మావయ్య టై కట్టుకుని, ఎవరో బలవంతాన నవ్వించినట్టు నవ్వుతున్నాడు. గోడకి అంటిస్తే సర్కారు పెట్టిన వార్డు పెద్ద చూసి ఏమంటాడోనని అమ్మ దాన్ని బీరువా తలుపుకి లోపలివైపు అంటించింది. చీర తీసిన ప్రతిసారీ అమ్మకి తమ్ముడి దర్శనమయ్యేది. గుళ్ళో అమ్మవారికి కొబ్బరికాయ మొక్కింది. మావయ్య గెలిచాడు.

ఆ అయిదేళ్ళూ మా ఇంట్లోంచే ఆ రాష్ట్రాన్ని నడిపామంటే నమ్మండి. సభలో లేచి మాట్లాడే ముందు మజ్జిగ తాగమనీ, చిన్నప్పటినుంచీ గొంతు జీర కాబట్టి అరవొద్దనీ అమ్మ రాసేది. శ్మశానానికి దారి వేయించాననీ, తోట ఇళ్ళ వరసలో కుళాయి పెట్టించాననీ అతను రాసేవాడు. కుళాయి తిప్పగానే ఒక ముసలావిడ నీళ్ళకి దణ్ణం పెట్టిందని రాస్తే అమ్మ వీధంతా తిరిగి చెప్పుకొచ్చింది. మా వీధిలో కుళాయికి పొద్దున్న ఒక గంట, సాయంత్రం ఒక గంట నీళ్ళొచ్చేవి. "ఆ కుళాయి ఒకటి ఇటు తిప్పమనే మంత్రిగారిని" అనేవాడు నాన్న. మంత్రి కాదని ఎన్నిసార్లు చెప్పినా నాన్నకి అతను మంత్రిగారే.

మా వీధి చివర ఒక పాత మేష్టారుండేవాడు. సైన్యం రాకముందు ఏదో పార్టీలో తిరిగాడట. ఒక పొద్దున జీపు వచ్చి ఆయన్ని ఎక్కించుకుపోయింది. లుంగీ సరిగ్గా బిగించుకునే వ్యవధి కూడా ఇవ్వలేదు. ఆ తర్వాత, ఆయన ఇంట్లో ఎవరెవరి ఉత్తరాలు, ఫొటోలు దొరికాయో వాళ్ళందరినీ పిలిపించారు. ఒకాయన నెలకి వచ్చాడు. ఇంకొకాయన ఏడాదికి వచ్చి, అటుపైన ఎవరితోనూ మాట్లాడ్డం మానేశాడు. కాగితం అనేది ఇంట్లో ఉంచుకునే వస్తువు కాదని మా వీధి అలా నేర్చుకుంది.

రెండోసారి ఎన్నికలయ్యాక మావయ్య దగ్గర్నుంచి చిన్న ఉత్తరం వచ్చింది. నాకు అప్పటికి పదిహేనేళ్ళు. అది నాకు కంఠతా వచ్చు. "అప్పా, ఈసారి ఓడిపోయాను. కొన్నాళ్ళుగా ఇంట్లోంచి బయటికి రావడం లేదు. ఆఫీసు ఖాళీ చేయించారు. కొత్త అడ్రసు పంపేవరకు ఉత్తరం రాయకు. నాకోసం దిగులు పడకు." శ్రీకాకుళం వైపు అక్కని అప్ప అంటారు. మా వాళ్ళు సముద్రం దాటినా ఆ పిలుపుని వదల్లేదు.

అమ్మ "ఓడిపోనాడా, పోన్లే" అని ముక్కు చీది ఊరుకోబోయింది. నేనే ఊరుకోలేదు. క్లాసులో మొదటి మార్కులు తెచ్చుకునే పిల్లకి ప్రపంచంలో తెలియనిది ఏముంటుంది? ఒక్కొక్క వాక్యం మీద వేలు పెట్టి అమ్మకి విడమరిచి చెప్పాను. బయటికి రావడం లేదంటే రానివ్వడం లేదని. ఆఫీసు ఖాళీ చేయించింది సైనికులని. ఉత్తరం రాయొద్దన్నది మన మంచి కోసమని. "మావయ్యని ఇంట్లో పెట్టి కాపలా కాస్తున్నారమ్మా. తర్వాత జీపొస్తుంది" అన్నాను. ఎంత బాగా అర్థం చేసుకున్నానో అని లోపల కాస్త గర్వం కూడా. ఆ గర్వం గుర్తొస్తే ఇప్పటికీ నన్ను నేనే నెత్తిన మొట్టుకోవాలనిపిస్తుంది.

నాన్న కొట్టునుంచి వచ్చి విని, తల పట్టుకుని కూర్చున్నాడు. "ఓడిపోనోడ్ని ఊరికే వొగ్గేస్తారేటి? ఇంట్లో ఏటేటున్నాయో అన్నీ తియ్యి" అన్నాడు.

అమ్మ బీరువాలోంచి ఉత్తరాలు దాచిన రేకుపెట్టె తీసింది. పోస్టరుని గోరుతో నెమ్మదిగా, చిరగకుండా ఊడదీసింది, కాల్చబోయే కాగితాన్ని చిరగకుండా తీయడమెందుకో మరి. పొయ్యి మీద ఎసరు పెట్టి, ఒక్కొక్క ఉత్తరం లోపలికి తోసింది. ఆ మధ్యాహ్నం మేం తిన్న అన్నం మావయ్య ఉత్తరాల మీద ఉడికింది. అమ్మ ఏడవలేదు. చదివేవాళ్ళు లేకుండా ఆమెకి ఏడవడం రాదేమో అనుకున్నాను.

ఆ తర్వాత మావయ్య చేతిరాతతో రెండు కవర్లు వచ్చాయి. అమ్మ విప్పనివ్వలేదు. "ఎవులో పక్కన కూకోని రాయించుంటారు. మనం బదులు రాస్తే ఆడికే ముప్పు" అని రెండూ పొయ్యిలో పెట్టేసింది. మూడోది రాలేదు.

తొమ్మిదేళ్ళు. దీపావళి వెళ్ళిన రెండో రోజు అక్కచెల్లెళ్ళు అన్నదమ్ములకి వండి పెట్టాలని ఆనవాయితీ. అమ్మ ఏటా ఆ రోజున ఆవ పెట్టిన అరటికాయ కూర చేసి, ఒక కంచంలో వడ్డించి, పక్కన కూర్చునేది. "జైల్లో ఏటెడతన్నారో" అనేది. ఆ తర్వాత ఆ కంచం నాకిచ్చేది. నా తెలివితేటలకి శిక్షలాగా ఆ కూర నేనే తినేదాన్ని.

నాకు పెళ్ళయి సంచౌంగ్‌ పేటకి కాపురానికి వెళ్ళాక, ఒకరోజు పొద్దున్నే పుట్టింటికి వచ్చాను. ఇంటి ముందు సైకారు ఆగింది. సైకిల్‌కి పక్కన సీటు కట్టిన మా ఊరి బండి అది. నెరిసిన జుట్టు, జేబులో రెండు పెన్నులు, చేతిలో బిస్కట్ల డబ్బా ఉన్న పెద్దమనిషి దిగి, మా గుమ్మాన్ని పైనుంచి కిందికి చూశాడు.

"అప్పా" అన్నాడు.

అమ్మ చేతిలోని చేట కింద పడేసింది. ఏడుస్తుందనుకున్నాను. రెండంగల్లో వెళ్ళి అతని చెయ్యి పట్టి లోపలికి లాగి, తలుపు గడియపెట్టి, కిటికీ మూసి, చీకట్లో గుసగుసగా అడిగింది. "ఎప్పుడొగ్గినార్రా నిన్ను?"

"ఎవులొగ్గడమేటప్పా?"

"జైల్లోంచిరా!"

"నానెందుకెల్తానే జైలికి?" మావయ్య నవ్వబోయి, మా ముఖాలు చూసి ఆగిపోయాడు.

ఓడిపోయిన బాధకి రెండు వారాలు ఇంట్లో పడుకున్నాడట, అంతే. ఆ ఆఫీసు సభ్యుడికిచ్చేది, సభ్యత్వం పోయింది కాబట్టి తాళాలిచ్చేశాడు. మళ్ళీ బడిలో పాఠాలు చెప్పాడు. తర్వాతి ఎన్నికల్లో గెలిచాడు, ఆ పైదానిలోనూ గెలిచాడు. వారం రోజుల వీసా మీద వచ్చాడు, పైదేశంవాళ్ళు ఇళ్ళల్లో పడుకోకూడదు కాబట్టి రాత్రికి హోటల్‌కి వెళ్ళిపోవాలి. "నాను ఓడిపోనానని నీకు సిగ్గేసిందనుకున్నాను. తరవాత తరవాత, నువ్వు నేవేమోననుకున్నాను. గుడిలో నీ పేరున దీపవెట్టించినాను" అన్నాడు. అమ్మ ఉత్తరాలన్నీ దాచుకున్నాడట. సభలో లేచే ముందు ఇప్పటికీ మజ్జిగ తాగుతాడట.

"మరి నావి?" అని అడిగాడు.

అమ్మ పొయ్యి వైపు చూపించింది. తప్పు నాదని చెప్పాలని నోరు తెరిచాను. ఈలోపు మావయ్యే, "అన్నవైనా సరిగ్గా ఉడికిందేటి?" అన్నాడు.

"పలుకుండిపోనాది" అంది అమ్మ. అప్పుడు ఏడ్చింది, తొమ్మిదేళ్ళదీ కలిపి.

ఏడుపయ్యాక, ముఖం తుడుచుకుంటూ అసలు ప్రశ్న అడిగింది. "నువ్వోడిపోనప్పుడు మీ ఇంటికి ఎవులూ రానేదా?"

"ఎందుకు రానేదు? గెలిసినోడొచ్చినాడు. పెళ్ళాన్ని తీసుకోని ఒచ్చినాడు. టీ తాగి ఎల్లిపోనాడు."

అమ్మ నమ్మలేదు. ఏ టైముకి వచ్చాడంది. ఎంతమందిని వెంటేసుకొచ్చాడంది. టీలో పాలు పోశారా అంది. ఉన్న వారం రోజులూ, పగలంతా ఎన్ని కబుర్లు చెప్పుకున్నా, చివరికి తిప్పి తిప్పి అక్కడికే వచ్చేది.

కొన్నేళ్ళకి మా ఊళ్ళోనూ నిజమైన ఓట్లు వచ్చాయి. అమ్మ ఉతికిన చీర కట్టుకుని వెళ్ళి, గంటసేపు వరసలో నిలబడి ఓటేసింది. ఓడిపోయినాయన మా వీధివాడే. ఫలితం తెలిసిన సాయంత్రం అమ్మ ఆ ఇంటివైపే చూస్తూ అరుగు మీద కూర్చుంది. "గెలిసినోడొస్తాడు సూడు, టీకి" అంది నాతో. ఆ సాయంత్రం ఎవరూ రాలేదు. మర్నాడూ రాలేదు. కొన్నాళ్ళకి, ఆ గెలిచినాయన్నే ఇంట్లోంచి జీపులో తీసుకుపోయారని వీధిలో చెప్పుకున్నారు. అమ్మ అరుగు మీద కూర్చోవడం మానేసింది.

ఆ మరుసటి ఏడు మావయ్య ఉత్తరం వచ్చింది. అప్పటికి అమ్మ కళ్ళు నిజంగానే మసకబారాయి. నేను చదివాను. "అప్పా, ఈసారి మళ్ళీ ఓడిపోయాను. ముసలాణ్ణయ్యాను, ఇక నిలబడను. నాకు ఏటీ అవలేదు. గెలిచిన కుర్రాడు నిన్న వచ్చి, టీ తాగి, నా కాళ్ళకి దణ్ణం పెట్టి వెళ్ళాడు. ఈ ఉత్తరం పొయ్యిలో పెట్టకు."

"మంత్రిగారు కాలీ అన్నమాట" అన్నాడు నాన్న, మంచం మీంచి.

అమ్మ నవ్వలేదు. తలుపు తీసే ఉంది. వీధిలోకి చూస్తూ అంది, "ఆ టీ తాగినకాడ మల్లా సదువు."

మళ్ళీ చదివాను.