నేను కత్తిరించిన క్షమాపణ

అప్పట్లో నేను వేలూరులో పెళ్లి వీడియోలు తీసేవాణ్ణి. దగ్గర్లోని గుడియాత్తంలో చేనేత కార్మికుల నాయకుడైన ఒక పెద్దాయన మీద చిన్న డాక్యుమెంటరీ తీయమని సంఘం వాళ్లు నన్ను అడిగారు.

మగ్గం పక్కన కూర్చుని ఆయన గంటసేపు మాట్లాడారు. చివర్లో గొంతు తగ్గించి, "సమ్మెలో కాంతమ్మ మొగుడు పనికి పోతానంటే నేనే అడ్డం పడినాను నాయనా. ఇల్లు గడవక, వైద్యం లేక చచ్చిపోయినాడు. తప్పు నాది కాంతమ్మా, మన్నించు" అన్నారు.

నాయకుణ్ణి గొప్పగా చూపించాలన్న ఆత్రంలో, ఎవరినీ అడక్కుండా ఆ మాటలు తీసేశాను.

ప్రదర్శన రోజు కాంతమ్మకు ఆయనే కబురు పెట్టి ముందు వరుసలో కూర్చోబెట్టారు. సినిమా అయ్యాక అందరూ చప్పట్లు కొడుతుంటే ఆమె లేచి వెళ్లిపోయింది. పెద్దాయన నా దగ్గరికొచ్చి, "నా మాట యాడ పోయింది నాయనా? ఆయమ్మ ముందర నోరు రాకనే గదా కెమెరాకు చెప్పింది" అన్నారు.

ఆ మాటలు వారంలో కలిపి ఇస్తానని చెప్పి, పెళ్లిళ్ల పనుల్లో పడి నెల దాటించాను. ఈలోగా ఆయన గుండెపోటుతో పోయారు.

ఆ ముక్కను ఫోనులో తీసుకెళ్లి కాంతమ్మకు చూపించాను. రెండుసార్లు చూసింది.

"ఆయప్ప ఉన్నప్పుడే చూపించి ఉంటే, పోనీలేప్పా అని ఒక మాట చెప్పి ఉంటాను గదా" అంది.

ఇప్పుడు ఎవరి మాట తీసేయాలన్నా ముందు వాళ్లనే అడుగుతున్నాను. కానీ కాంతమ్మ మన్నింపు ఆయన చెవిన పడకుండా పోయింది నా వల్లే.